డైట్‌లో ఉంటూ రాత్రికి ఇంట్లో ఫ్యూజన్ కంఫర్ట్ ఫుడ్ చేసుకోవడం కుదురుతుందా?

కుదురుతుంది. రెండు దేశాల వంటలు కలిపి, తింటే హాయిగా అనిపించేలా చేసుకోవచ్చు. కాలీఫ్లవర్‌తో పిజ్జా మాత్రం చేయకండి. ఈ ముక్క చెప్పడానికే జవాబు రాస్తున్నాడు అనుకున్నా నాకేం అభ్యంతరం లేదు.

రెండేళ్ల క్రితం నేనూ బరువు తగ్గాలని కూర్చున్నాను. మూడో వారానికి సలాడ్ గిన్నె చూస్తేనే ఏడుపొచ్చే స్థితి. ఒక శుక్రవారం సాయంత్రం ఓ వీడియో కంటపడింది. మైదా లేని కాలీఫ్లవర్ పిజ్జా, దాని మీద సోయా సాస్‌లో వేయించిన పుట్టగొడుగులు. పదిహేను నిమిషాల్లో అయిపోతుందట! నాకు కాలీఫ్లవర్ తురమడానికే ఇరవై నిమిషాలు పట్టింది. గట్టు మీద, నేల మీద, చివరికి నా చొక్కా జేబులో కూడా తెల్లటి పలుకులే. వీడియోలో ఆవిడ "నీళ్లు పిండేయండి" అని ఒక్క మాట అనేసి ముందుకెళ్లిపోయింది. నేనూ చేత్తో ఓసారి నొక్కి, గుడ్డు, చీజ్ కలిపి, ట్రేలో పరిచి ఓవెన్‌లో పెట్టేశాను. పచ్చి కాలీఫ్లవర్‌లో 92 శాతం దాకా నీళ్లే ఉంటాయని నాకేం తెలుసు?

అరగంట తర్వాత తీస్తే అంచులు మాడాయి, మధ్యలో జావ. అట్లకాడతో లేపబోతే పైనున్న పుట్టగొడుగులు ఒక్కొక్కటిగా మునిగిపోయాయి. మా ఆవిడ వచ్చి ట్రేలోకి తొంగిచూసి, "దీన్ని చెంచాతో తినాలా, గ్లాసులో పోసుకోవాలా?" అంది. చెరో నాలుగు చెంచాలు తిని లేచాం. పదిన్నరకి నేనొక్కణ్నే బిస్కెట్ ప్యాకెట్ ఖాళీ చేశాను. డైట్ వంటలతో వచ్చే చిక్కే ఇది. తిన్నది భోజనంలా అనిపించకపోతే గంటలోపే రెండో భోజనం మొదలవుతుంది. ఆ బిస్కెట్ల లెక్క ఎవరూ కేలరీల యాప్‌లో రాసుకోరు.

అప్పటినుంచీ నాది ఒకటే పద్ధతి. నకిలీ వద్దు, అసలుదే సగం చాలు. జపాన్‌లో వాఫూ పాస్తా అని చేస్తారు. స్పగెట్టీ ఇటలీది, అందులో పడే సోయా సాస్, పుట్టగొడుగులు, వెన్న వాళ్లు కలిపినవి. ఫ్యూజన్ అంటే అదీ. దొరికిన ప్రతిదాని మీదా చీజ్ జల్లి ఫ్యూజన్ అని పేరు పెట్టేవాళ్లను చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. నేను చేసే మార్పల్లా ఒకటే, మనిషికి 50 గ్రాముల ఎండు స్పగెట్టీ తీసుకుని, 150 గ్రాముల క్యాబేజీని దానిలాగే సన్నగా, పొడవుగా తరిగి కలుపుతాను. అంత స్పగెట్టీకి 180 కేలరీలు అటూ ఇటూ, అంత క్యాబేజీకి 40 కూడా ఉండవు. ఫోర్క్‌కి చుట్టుకుంటే రెండూ కలిసే వస్తాయి. కంచం నిండుగా కనిపిస్తుంది, నోటికి పాస్తా తగులుతూనే ఉంటుంది.

కష్టపడాల్సింది పుట్టగొడుగుల దగ్గర. వెడల్పాటి పెనం బాగా కాలాక, నూనె వేయకుండా, ఉప్పు వేయకుండా, ఒకదాని మీద ఒకటి పడకుండా పరవండి. ముందు నీళ్లు వదులుతాయి. కంగారుపడి కలిపేయకండి. నీళ్లున్నంతసేపు అవి 100 డిగ్రీల దగ్గర ఉడుకుతుంటాయి తప్ప ఎర్రబడవు, ఎర్రబడాలంటే సుమారు 140 కావాలి. చిటపటలు తగ్గి, అంచులు గోధుమరంగుకి తిరిగి, మాంసం వేగుతున్నట్టు వాసన వచ్చాకే ఒక టీస్పూన్ నూనె, దంచిన వెల్లుల్లి. తర్వాత క్యాబేజీ, పెద్ద మంట మీద రెండు నిమిషాలు. కరకర పోకూడదు. ఉడికిన స్పగెట్టీ, దాని గంజి రెండు గరిటెలు, సోయా సాస్ వేసి తిప్పండి. స్టవ్ ఆపాక ఒక టీస్పూన్ వెన్న. వేడి మీద ముందే వేస్తే నూనెలా విడిపోతుంది, చివర్లో వేస్తే సాస్ చిక్కబడి మెరుస్తుంది. పైన సగం ఉడికిన గుడ్డు పెట్టుకుంటే ప్రొటీన్ గొడవ కూడా తీరుతుంది.

చీజ్ లేకుండా ఆ రుచి ఎలా వస్తుందంటారా? సోయా సాస్‌లోనూ, పుట్టగొడుగుల్లోనూ గ్లుటమేట్ అనే పదార్థం ఉంటుంది, నోరూరించే ఆ కమ్మదనం దానిదే. 1908లో ఇకెడా అనే జపాన్ శాస్త్రవేత్త సముద్రపు నాచు చారులోంచి దాన్నే పట్టుకుని ఆ రుచికి ఉమామి అని పేరు పెట్టాడు. చీజ్‌లో మనం వెతుక్కునేది కూడా చాలావరకు ఆ రుచే. కాకపోతే సోయా సాస్ సీసాను వంచేయకండి. ఒక టేబుల్‌స్పూన్‌లోనే 900 మిల్లీగ్రాముల దాకా సోడియం ఉంటుంది, ప్రపంచ ఆరోగ్య సంస్థ రోజు మొత్తానికి 2,000 దాటొద్దంటోంది. అందుకే ఈ వంటలో నేను విడిగా ఉప్పు వేయను.

నూనె సంగతి కూడా అనేసి ఊరుకుంటాను. "హెల్దీ" అంటూ ఆలివ్ ఆయిల్‌ను ధారగా పోసే వీడియోలను నమ్మకండి. ఏ నూనైనా టేబుల్‌స్పూన్‌కి 120 కేలరీలే, సీసా ఎంత అందంగా ఉన్నా సరే.

ఇప్పుడు మా ఇంట్లో శుక్రవారం రాత్రి ఇదే. కాలీఫ్లవర్ కొన్నప్పుడు మాత్రం మా ఆవిడ, "ఇది కూరకే కదా?" అని నా చేత ఒప్పించుకున్నాకే సంచిలో వేస్తుంది.