హైకోర్టు చెప్పినా జీపీఎఫ్ ఇవ్వడం లేదు, ధిక్కరణ కేసు వేయొచ్చా?

ప్రశ్న: జిల్లా పరిషత్ హైస్కూల్లో స్కూల్ అసిస్టెంట్‌గా రిటైరయ్యాను. జీపీఎఫ్ (జనరల్ ప్రావిడెంట్ ఫండ్) రాకపోతే తెలంగాణ హైకోర్టులో రిట్ వేశాను. ఉత్తర్వు అందిన ఎనిమిది వారాల్లోగా చెల్లించమని తీర్పు వచ్చింది. ఆ గడువు దాటి అయిదు నెలలైంది. అడిగితే 'బిల్లు పాసైంది, ఈ-కుబేర్‌లో పెండింగ్ ఉంది' అంటున్నారు (ఈ-కుబేర్ అంటే ప్రభుత్వ చెల్లింపులు జరిగే రిజర్వు బ్యాంకు ఆన్‌లైన్ వ్యవస్థ). కోర్టు ధిక్కరణ కేసు వేస్తే డబ్బు వస్తుందా? వడ్డీ అడగొచ్చా?

జవాబు: వేయొచ్చు మాస్టారూ, ఇక ఆలస్యం చేయకండి. కోర్టు ధిక్కరణ చట్టం, 1971లోని 20వ సెక్షన్ ప్రకారం ధిక్కరణ జరిగిన తేదీ నుంచి ఏడాదిలోగా పిటిషన్ వేయాలి. మీకు ఆ ఏడాది ఎనిమిది వారాల గడువు ముగిసినప్పుడే మొదలైంది. 'డబ్బు ఇవ్వనంత కాలం ధిక్కరణ సాగుతున్నట్టే కదా' అని కొందరు ధీమాగా ఉంటారు. తెలంగాణ నుంచే వెళ్లిన ఒక భూమి కేసులో 2024లో సుప్రీంకోర్టు ఇలాంటి వాదనను ఒప్పుకోలేదు. 'వచ్చే నెల పడిపోతుంది' అన్న నోటిమాట నమ్మి ఏడాది పోగొట్టుకోకండి.

ఉత్తర్వు కాపీ ఏ అధికారికి ఏ రోజు చేరిందో రుజువు ఉందా? రిజిస్టర్డ్ పోస్టు అక్నాలెడ్జ్‌మెంట్ కార్డో, ఇన్‌వర్డులో తేదీతో వేసిన ముద్రో చాలు. అది లేకపోతే గడువు ఎప్పుడు మొదలైందన్న దగ్గరే అవతలివాళ్లు వాదన పెడతారు. పిటిషన్‌లో హోదా ఒక్కటే రాస్తే సరిపోదు, అధికారి పేరు కూడా ఉండాలి. జెడ్పీ (జిల్లా పరిషత్) సీఈవో బిల్లు పంపేశారంటే ఆగింది పైన, ఆర్థిక శాఖ దగ్గర. కాబట్టి మీ రిట్‌లో ఆర్థిక శాఖ కార్యదర్శి ప్రతివాదిగా ఉన్నారో లేదో ముందు చూసుకోండి.

నిధులు లేవన్న జవాబు వినడానికే బాధగా ఉంటుంది. జీపీఎఫ్ ప్రభుత్వం దయతలచి ఇచ్చేది కాదు, నెలనెలా మీ జీతంలో పట్టుకుని దాచిన మీ సొమ్ము. అయితే ధిక్కరణలో కోర్టు చూసేది, కావాలనే ఉత్తర్వును పక్కన పెట్టారా అన్నది. అప్పీలు వేశాం అన్నంత మాత్రాన తప్పించుకోలేరు, స్టే ఉండాలి.

చట్టంలో ఆరు నెలల వరకు సాధారణ జైలు, 2,000 రూపాయల వరకు జరిమానా ఉన్నాయి. కానీ జైలు దాకా వెళ్లడం అరుదు. నోటీసు అందాక డబ్బు జమచేసి క్షమాపణ చెబితే కేసు సాధారణంగా మూసేస్తారు. అధికారిని కోర్టుకు రప్పించాలన్న పట్టుదల కూడా వద్దు. ప్రతిసారీ స్వయంగా పిలవొద్దని, పిలిచినా ముందు వీడియో ద్వారా హాజరుకు అవకాశమివ్వాలని 2024 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. మీకు కావలసింది డబ్బు, దాని మీదే పట్టు ఉంచండి.

ఇక వడ్డీ. తీర్పులో ఆ మాట ఉంటేనే ధిక్కరణలో అడగగలం. లేనిదాన్ని ధిక్కరణ కోర్టు కొత్తగా చేర్చదు, విడిగా రిట్ వేయాలి. కోవిడ్ వేళ ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం వాయిదా వేసిన జీతాలు, పింఛన్ల మీద 6 శాతం వడ్డీ ఇవ్వాలని 2021లో సుప్రీంకోర్టు చెప్పిన తీర్పు అక్కడ పనికొస్తుంది. ఈలోగా అసలు జమైతే తీసుకోండి. వడ్డీ హక్కు వదులుకోలేదని ఆ రోజే సీఈవోకు రిజిస్టర్డ్ పోస్టులో ఉత్తరం పంపి, నకలు దగ్గర ఉంచుకోండి.