గంగమ్మ అని మొక్కుతాం, బోరు పాయింటు మాత్రం మగవాళ్లే పెడతారు

"ఆడవాళ్లకు నీటితో, ప్రకృతితో పుట్టుకతోనే అనుబంధం ఉంటుందంటారు, నిజమేనా?" అని అడిగారు. నాకు తెలిసిన అనుబంధం నెత్తి మీద చుట్టబట్ట, దాని మీద బిందె. మాది నల్లగొండ జిల్లా మర్రిగూడ వైపు.

నా చిన్నప్పుడు మా వాడలో బోరు వేశారు. పెద్దనాయన అరచేతిలో కొబ్బరికాయ పెట్టుకుని తిరుగుతుంటే ఒకచోట అది లేచి నిలబడింది. అదే పాయింటు! అప్పటిదాకా అమ్మవాళ్లు చెరువు కింది చేదబావి నుంచి తెచ్చేవాళ్లు. "ఆ బాయి పూడికే తీయిస్తే అయిపాయె గదా" అని నానమ్మ అన్నది. విన్నవాళ్లు లేరు. మూడు వందల అడుగుల దగ్గర రాతిపిండి ఆగి నీళ్లు ఎగజిమ్మాయి. మగవాళ్లు ఈలలు వేస్తూ తడిశారు. బోరింగు బిగించాక దానికి పసుపు రాసి బొట్టు పెట్టింది మాత్రం ఆడవాళ్లే.

మా కింద ఉన్నది గ్రానైటు. నీళ్లు ఆ రాతిలో ఎంతకాలం నిలిస్తే అంత ఫ్లోరైడ్ కరుగుతుంది. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటొద్దంటారు, మా బోరు ఎప్పుడో దాటింది. ఆ ఫ్లోరైడ్ ఎముకల్లో చేరి కీళ్లను బిగించేస్తుంది.

ఇప్పుడు అమ్మను వెనక నుంచి పిలిస్తే మెడ తిరగదు, మనిషి మొత్తం తిరుగుతుంది. నాన్నకూ మోకాళ్లు పట్టేశాయి, కాదనను. కానీ ఆయన నాలుగూళ్లు తిరిగి నాలుగు రకాల నీళ్లు తాగాడు. అమ్మ ఆ ఒక్క బోరు నీళ్లే తాగి, నలుగురిని కని పాలిచ్చింది. అందుకే అమ్మకే దెబ్బ ఎక్కువ తగిలింది. డాక్టర్లు ఏమన్నా సరే, నా లెక్క ఇదే.

పంచాయతీల్లో సగం సీట్లు ఆడవాళ్లవే కదా అంటారు. మా ఊళ్లో సర్పంచిగా గెలిచింది ఆమె, నీళ్ల మీటింగులో కుర్చీలో కూర్చున్నది ఆమె మొగుడు. ఆ ఏడాది చెరువులో చుక్క లేక బతుకమ్మలను సిమెంటు తొట్టిలో వేశాం, ఆ ఫొటోల్లోనూ ముందు నిలబడింది ఆయనే.

జిల్లాలోనే నాగార్జునసాగర్ ఉంది, 1967లో కాల్వలకు నీళ్లు వదిలారు. మేం ఎత్తున ఉన్నాం, మాకు అందలేదు. కృష్ణ నీళ్లు మా గడప దాకా వచ్చింది మిషన్ భగీరథ నల్లాతోనే.

అయినా అమ్మ నాలుగింటికే లేస్తుంది. ఉన్న ఏడు బిందెలూ నింపి, చెంబు కూడా నింపి, ఆ తర్వాతే టీ పెడుతుంది.