శారద రాత్రులకు తగిన గట్టు

ప్రశ్న: ఆశ్వయుజంలో రాజమహేంద్రవరం పుష్కర ఘాట్ నుంచి గోదావరిని తీసి ఆరు నిమిషాల చిత్రం చేశాను. చాలా భాగం పగటి ఎండలో తీసిందే. దాని మీద నన్నయ ‘శారద రాత్రులు’ పద్యం చదివించాను. దృశ్యం బాగుంది, పద్యమూ బాగుంది, రెండూ కలవడం లేదు. లోపం ఎక్కడుంది?
– ఒక పాఠకురాలు, రాజమహేంద్రవరం

జవాబు: ఆ పద్యంలో నది లేదు, గమనించారా? నక్షత్రాల హారాలు, అప్పుడే విచ్చిన తెల్లకలువల పరిమళం మోసుకొచ్చే గాలి, చంద్రుడు కర్పూరపు పొడిలా వెదజల్లే వెలుగు ఉన్నాయి. తెర మీద ఎండ మెరుస్తుండగా వెన్నెల మాట చెవికెక్కదు. పరిమళాన్ని కెమెరా పట్టలేదు కాని గాలిని పట్టగలదు. లంకల అంచున రెల్లు పూచే కాలమిది కనుక, ఆ తెల్లని కంకులు ఒక్కసారి వాలి మళ్ళీ లేచేదాకా కెమెరాను కదపకుండా ఉంచండి.

చోటు కూడా మార్చాలి. మీ ఊరు నదికి తూర్పు గట్టున ఉంది కాబట్టి ఘాట్‌లో నిలబడి నీళ్ళకేసి చూసేవారికి చంద్రోదయం వీపు వెనుక జరుగుతుంది. అవతలి గట్టునున్న కొవ్వూరు వెళ్ళండి. పున్నమినాడు పొద్దు గుంకే వేళకే చంద్రుడు నదికి అవతల పైకి వస్తాడు; ఆకాశంలో ఇంకా కాస్త నీలం మిగిలి ఉన్న ఆ కొద్దిసేపట్లో తీస్తేనే నీరూ వెన్నెలా రెండూ కనబడతాయి. కార్తిక పున్నమి కంటే ఆశ్వయుజ పున్నమి మేలు. కార్తికంలో నదిలో వదిలే దీపాలు ఎంతో అందమైనవే, కాని చూపంతా అవే లాగేసుకుంటాయి.

ఇక చదవడం. ఆ పద్యం ఉత్పలమాల వృత్తం; నాలుగు పాదాలకు 80 అక్షరాలు. ఆ పొడవైన సమాసాలను విరవకుండా, నిదానంగా చదివితే సుమారు అర నిమిషం పడుతుంది. అంతసేపూ ఒకే దృశ్యం ఉండనివ్వండి. ‘కైరవ’ అనగానే కలువనూ ‘సుధాంశు’ అనగానే చంద్రుణ్ణీ చూపితే ప్రతిపదార్థం చెప్పినట్టవుతుంది.

నాకు ఎంతో ఇష్టమైన సంగతి మరొకటి ఉంది. 11వ శతాబ్దిలో నన్నయ భారత రచన ఈ శారద రాత్రుల పద్యం దగ్గరే ఆగిపోయిందని చెబుతారు. 14వ శతాబ్దిలో ఎఱ్ఱన అరణ్యపర్వ శేషాన్ని అందుకుంటూ ‘స్ఫురదరుణాంశు’ అని శరదృతువు ఉదయాన్ని వర్ణించాడు. అందులో మబ్బు తొలగిన ఎర్రని వెలుగుతోపాటు హంసల, తుమ్మెదల చప్పుడు కూడా వినిపిస్తుంది. కొవ్వూరు గట్టు నుంచి చూస్తే సూర్యోదయమూ నది మీదుగానే కనిపిస్తుంది కనుక, రాత్రి నిలిపిన చోటి నుంచే తెల్లవారుజామునా తీసి, అక్కడ ఎఱ్ఱన పద్యం చదివించండి. ఆ రెండు పద్యాల నడుమ మాటా సంగీతమూ వద్దు. పడవ తెడ్డు నీటిలో పడే చప్పుడు చాలు.