మిక్సింగులోకి దిగుతున్న మేనకోడలికి

విజయనగరం

అమ్మడూ,

నిన్న రాత్రి మీ అమ్మ ఫోన్ చేసి గంటసేపు ఏడ్చింది. "గుంట ఉద్యోగం మానేస్తానంటోందన్నయ్యా, హైదరాబాదులో పాటలు మిక్సింగ్ చేసుకుంటుందట, నువ్వే చెడగొట్టావు" అని నన్ను తిట్టింది. నీకు ఆరేళ్లప్పుడు హెడ్‌ఫోన్స్ పెట్టింది నేనే, కాదనను. "నేను మాట్లాడతాలే" అని గంభీరంగా చెప్పి ఫోన్ పెట్టేశాక, మీ అత్త నా మొహం చూసి "ఏంటా నవ్వు?" అంది. నవ్వు వచ్చిన మాట నిజమే. రాత్రంతా నిద్ర పట్టని మాటా నిజమే. ఇదే ఫోన్లో చెబితే "సరే మావయ్యా, సరే మావయ్యా" అని కట్ చేస్తావు. అందుకే ఉత్తరం.

మీ అమ్మ బాధ ఇంకోటి కూడా ఉంది. ఘంటసాల, సుశీల చదువుకున్న మ్యూజిక్ కాలేజీ ఉన్న ఊళ్లో పుట్టి, పాడకుండా, వేరేవాళ్ల గొంతునీ వాయిద్యాలనీ సమపాళ్లలో కలపడానికి మీటలు తిప్పడమేమిటని. రెహమాన్ పాటలు మిక్స్ చేసిన హెచ్. శ్రీధర్ పేరు ఆవిడకి తెలీదు. ఆ పాటలు మాత్రం నోటికొచ్చు. నువ్వు ఎంచుకున్న పని అలాంటిది, ముందే మనసుకి చెప్పుకో.

చిన్న విషయాలు గబగబా చెప్పేస్తాను. ఏడాది అద్దెకి సరిపడా డబ్బు చేతిలో ఉంచుకున్నాకే రాజీనామా ఇవ్వు. ప్రతి ప్రాజెక్టూ రెండు డిస్కుల్లో ఉండాలి, రెండోది వేరే ఇంట్లో. అడ్వాన్సు పడందే ఫైలు తెరవకు. 2012లో కాపీరైట్ చట్టం సవరించాక పాట రాసినవాళ్లకీ, బాణీ కట్టినవాళ్లకీ రాయల్టీ హక్కు గట్టిపడింది. మిక్స్ చేసినవాళ్లకి అందులో అలాంటి వాటా లేదు. కాబట్టి నీకు రావాల్సింది ఒప్పందంలో రాయించుకో. బాణీలో నీ చెయ్యి ఉంటే ఆ సంగతి మొదటిరోజే తేల్చుకో. పాట హిట్టయ్యాక ఎవరికీ గుర్తుండదు.

మొన్న వీడియో కాల్లో నీ కొత్త గది చూపించావు. నలుచదరం గది, సరిగ్గా మధ్యలో కుర్చీ. నువ్వు లైట్లు చూపించి మురిసిపోతున్నావు, నాకేమో గుండె గుభేలుమంది.

1998లో సంగతి. నువ్వు పుట్టనేలేదు. అప్పటికి పదేళ్లుగా మైకుసెట్టు అద్దెకిస్తున్నాను. మన పాత పెంకుటింటి వెనక గది పదడుగుల పొడవు, పదడుగుల వెడల్పు. గోడలకి కొబ్బరిపీచు చాపలూ దుప్పట్లూ కొట్టి, బయట స్టూడియో అని బోర్డు పెట్టాను. పైడితల్లమ్మ సిరిమాను పండక్కి నెలముందు శ్రీకాకుళం వైపు నుంచి జముకులకథ దళం ఒకటి వచ్చింది, జముకు అనే తీగ వాయిద్యం మోగిస్తూ కథ పాడేవాళ్లు. కథ చెప్పే తాతకి డెబ్భై దాటుంటాయి. గొంతు తాటిబెల్లంలా కాస్త గరుకు, కాస్త తీపి. మాట చివర జముకు తీగ లాగి "బుంయ్" అనిపిస్తే గదిలో వాళ్లం మాట్లాడుకోవడం మానేసేవాళ్లం. డోలు, సన్నాయి కూడా పెట్టించాను. గొంతునీ వాయిద్యాలనీ విడివిడి ట్రాకుల్లో పట్టే ఫోర్‌ట్రాక్ టేపు రికార్డరు మీద రికార్డు చేసి, 500 క్యాసెట్లు పండగలో అమ్మాలని ప్లాను.

గది మధ్యలో కూర్చుని మిక్సింగ్ మొదలుపెట్టాను. డోలులో దమ్ము లేదు. పెంచాను. అయినా లేదు. ఇంకా పెంచాను. ఆంప్లిఫయరు కూడా పెంచాను. మూడు రోజులు అదే పని. మూడోరోజు మీ అత్త వంటింట్లోంచి "ఏవండీ, డోలే వినిపిస్తోంది, తాత మాటలు తెలియట్లేదు" అంది. నేనేమన్నానో రాయడానికి ఇప్పటికీ సిగ్గుగానే ఉంది. "పోపు మాడకుండా చూసుకో, అది నీ పని" అన్నాను.

పదడుగుల గదిలో దాదాపు 56 హెర్ట్జ్ దగ్గర ఉండే లోతు శబ్దం గోడకీ గోడకీ మధ్య నిలబడిపోతుంది. గోడ పక్కన గుమ్మని మోగుతుంది, నట్టనడుమ వినిపించదు. పొడవూ వెడల్పూ ఒకటే అయితే ఆ దోషం రెండువైపుల నుంచీ వచ్చి కుర్చీ దగ్గరే కలుస్తుంది. డోలు టేపులో నిండుగానే ఉంది, నేను కూర్చున్న చోట లేదు, అంతే. చాపలూ దుప్పట్లూ చప్పట్ల మోతని మింగుతాయి గానీ, ఆ లోతు శబ్దం వాటికి లొంగదు. ఇదంతా నాకు చాలా ఏళ్ల తర్వాత తెలిసింది. వంటింట్లో ఉన్న మనిషికి ఆరోజే తెలిసింది.

పండగనాడు మూడు లాంతర్ల కూడలి దగ్గర ఒక ఆటోవాడు మన క్యాసెట్టు పెట్టాడు. దడదడ తప్ప ఏమీ లేదు. తాత ఆ ఆటో పక్కనే నిలబడి, తలవంచి చాలాసేపు విన్నాడు. నా వైపు తిరిగి "బాబూ, ఇందుల నానేటి సెప్తన్నాను?" అని అడిగాడు. వెటకారం కాదమ్మా, నిజంగా అడిగాడు. 340 క్యాసెట్లు మిగిలిపోయాయి. వాటి మీద వేరే పాటలు ఎక్కించి అమ్ముకున్నాను. తాతని మళ్లీ పిలవడానికి మొహం చెల్లలేదు.

కాబట్టి ముందు ఆ కుర్చీ జరుపు. ఎదురుగోడ నుంచి గది పొడవులో 38 శాతం దూరంలో కూర్చుని చూడు, అక్కణ్ణుంచి చెవితో సర్దుకో. మూలల్లో దళసరి రాక్‌వూల్, అదే రాతినార పలకలు, పెట్టు. అందమైన స్పాంజి ముక్కలకి డబ్బు తగలెయ్యకు. నీకు బాగా తెలిసిన పాట ఒకటి పక్కన పెట్టుకుని మాటిమాటికీ పోల్చుకో. రెండు స్పీకర్ల శబ్దాన్నీ ఒకటిగా కలిపి మోనోలో విను, ఫోన్ స్పీకర్లో విను, తలుపు తీసి పక్కగదిలోంచి విను.

నిద్ర పట్టనిది దీనికి కాదు. ఆ మూడు రోజుల మోత తర్వాత నా ఎడమచెవిలో కీచురాయి చేరింది. మైకుసెట్ల పదేళ్ల పాపం కూడా కలిసే ఉంటుంది. ఇరవై ఏళ్లు దాటింది, వెళ్లలేదు. 85 డెసిబెల్స్ దగ్గర రోజుకి 8 గంటలు పరవాలేదంటారు. ప్రతి 3 డెసిబెల్స్‌కీ ఆ టైము సగమవుతుంది, 100 దగ్గర పావుగంటే. ఫోన్లో మీటరు పెట్టుకో. పక్కవాడితో గొంతు పెంచకుండా మాట్లాడగలిగేంత సౌండులోనే పనిచెయ్. క్లయింటు "ఇంకా పెంచు" అంటే ఫైలు అతనికిచ్చి కారులో వినమను. స్పాటిఫై ఎలాగూ మామూలుగా పాట మోతని మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్‌కి (పాట ఎంత గట్టిగా వినిపిస్తుందో కొలిచే లెక్క అది) దించేస్తుంది, నువ్వు చెవులు పాడుచేసుకుని సాధించేదేంటి? కోప్పడుతున్నాననుకోకు. అర్ధరాత్రి ఆ కీచురాయి మొదలైనప్పుడల్లా నువ్వే గుర్తొస్తున్నావు.

మీ అమ్మ సంగతి నేను చూసుకుంటాను. ఆ నాలుగు ట్రాకుల టేపు బీరువాలో పదిలంగానే ఉంది. తాత గొంతు వేరే ట్రాకులో ఒంటరిగా ఉంది. గది సర్దుకున్నానని చెప్పు, కొరియర్లో వద్దు, నేనే పట్టుకొస్తాను. రెండో నిమిషంలో మన వంటింటి కుక్కరు విజిలొకటి పడింది. దాన్ని తీసెయ్యకు.

మీ మావయ్య