పాలిప్ రిపోర్టులో 'లో గ్రేడ్ డిస్ప్లేసియా' అని ఉంటే క్యాన్సర్ అన్నట్టేనా?

నాగర్‌కర్నూల్ నుంచి అడిగిన ప్రశ్న: "మా నాన్నకు 58 ఏళ్లు. కొలనోస్కోపీలో 12 మి.మీ. పాలిప్ ఒకటి కనబడితే అక్కడే తీసేశారు. బయాప్సీలో 'ట్యూబ్యులర్ అడినోమా విత్ లో గ్రేడ్ డిస్ప్లేసియా' అని వచ్చింది. క్యాన్సర్‌కు ముందు దశ అన్నారు. ఇంట్లో అందరం పరేషాన్‌లో ఉన్నాం. ఇది క్యాన్సరేనా? కీమో దాకా పోతుందా?"

మీరు రాసినదాన్ని బట్టి ఇది క్యాన్సర్ కాదండి. పాలిప్ అంటే పేగు లోపలి గోడ మీద పెరిగే కండ, దాన్ని తీసేశారు కాబట్టి కీమో మాటే రాదు. నేను డాక్టర్‌ను కాను, మిర్యాలగూడలో రైస్‌మిల్లు లెక్కలు రాసుకునే మనిషిని. కానీ నా పెద్దపేగులో మీ నాన్నగారి దానికన్నా పెద్ద పాలిప్ ఉండేది. పుట్టగొడుగులా కాడతో ఉండింది. అది దొరికిన తర్వాత కనబడిన ప్రతి డాక్టర్‌నూ అడిగి తెలుసుకున్నదే ఇక్కడ రాస్తున్నాను.

నాకు మోషన్‌లో రక్తం పడలేదు, కడుపునొప్పి లేదు. షుగర్ కోసం చేయించిన పరీక్షల్లో హిమోగ్లోబిన్ బాగా తక్కువ వచ్చింది. ఐరన్ మాత్రలు వాడితే పెరిగింది, ఆపితే మళ్లీ పడిపోయింది. "మగమనిషికి రక్తం ఊరికే తగ్గదు, ఎక్కడో పోతోంది" అని ఫిజీషియన్ కొలనోస్కోపీకి, అంటే పెద్దపేగులోకి కెమెరా పంపి చూసే పరీక్షకు, పంపారు. పాలిప్ పెద్దదైతే కంటికి కనబడనంతగా రక్తం కారుతూ ఉండవచ్చట. చిన్నవైతే చాలావరకు ఏ లక్షణమూ ఉండదు. మన దగ్గర మోషన్‌లో రక్తం పడితే చాలు, మొలలని తేల్చేసి పసరు మందుకు పోతారు. అది మొలలో కాదో లోపల చూడకుండా ఎవరూ చెప్పలేరు.

ఇక మీ రిపోర్టు. పేగు లోపలి పొరలో కణాలు అదుపు తప్పి గుంపుగా పెరిగితే అడినోమా. ఆ కణాల రూపం మామూలుగా లేకపోతే డిస్ప్లేసియా అంటారు. మీరు ముఖ్యంగా తెలుసుకోవాల్సింది, అడినోమా అన్న ప్రతిదానిలోనూ కనీసం లో గ్రేడ్ డిస్ప్లేసియా ఉండి తీరుతుంది. కాబట్టి ఆ మాట మీ నాన్నగారి రిపోర్టులో కొత్తగా వచ్చిన చెడ్డ వార్త కాదు. హై గ్రేడ్ అని ఉంటే ఇంకో మెట్టు పైన ఉన్నట్టు. అది కూడా లోపలి పొర దాటి కిందికి దిగనంత వరకు, పూర్తిగా తీసేస్తే సరిపోతుంది. కిందిపొరలోకి దిగితేనే దాన్ని క్యాన్సర్‌గా లెక్కించి వేరే వైద్యం ఆలోచిస్తారు.

అడినోమాల్లో క్యాన్సర్ దాకా వెళ్లేవి కొన్నే. వెళ్లేవాటికి కూడా సాధారణంగా పదేళ్లు, ఆపైన పడుతుంది. ఒక్క జన్యువు చెడితే సరిపోదు. చాలాసార్లు ముందు ఏపీసీ, తర్వాత కేరాస్, ఆ తర్వాత పీ53, ఇలా ఒకదాని వెంట ఒకటి దెబ్బతినాలి. మనకు దొరికే టైం అదే. పెద్దపేగు క్యాన్సర్లలో ఎక్కువ భాగం పాలిప్‌గానే మొదలవుతాయి కాబట్టి, పాలిప్ తీసేయడమంటే రాబోయేదాన్ని ముందే ఆపడం. అమెరికాలో నేషనల్ పాలిప్ స్టడీ అని చేశారు. అడినోమాలు తీయించుకున్నవాళ్లలో పెద్దపేగు క్యాన్సర్ అనుకున్నదానికన్నా 76 నుంచి 90 శాతం తక్కువగా వచ్చిందని 1993లో, దానివల్ల చావులు 53 శాతం తగ్గాయని 2012లో ప్రకటించారు. సున్నా అయిందని మాత్రం ఎవరూ అనలేదు, అది గుర్తుంచుకోవాలి.

రిస్క్ ఎంతన్నది నాలుగు విషయాలను బట్టి ఉంటుంది: సైజు, ఎన్ని ఉన్నాయి, ఏ రకం, ఏ గ్రేడ్. 10 మి.మీ., ఆపైన ఉంటే రిస్క్ ఎక్కువ వర్గంలో పెడతారు. ట్యూబ్యులర్ కన్నా విల్లస్ రకానికి రిస్క్ ఎక్కువ. నాది రెండూ కలిసిన ట్యూబ్యులోవిల్లస్. మీ నాన్నగారి విషయంలో మూడు అంశాలు బాగున్నాయి, సైజు ఒక్కటే గీత దాటింది. అమెరికా నిపుణుల సంఘాలు 2020లో ఇచ్చిన సూచనల ప్రకారం 10 మి.మీ. లోపు ట్యూబ్యులర్ అడినోమాలు ఒకటో రెండో ఉంటే 7 నుంచి 10 ఏళ్లకు మళ్లీ చూపించుకుంటే చాలు. 10 మి.మీ., ఆపైన ఉంటే 3 ఏళ్లకు. బ్రిటన్ వాళ్ల పద్ధతి ఇంకొంచెం సడలింపుగా ఉంటుంది. అందుకే ఇద్దరు డాక్టర్లు రెండు తేదీలు చెప్తే ఒకరు తప్పని అనుకోకండి.

అయితే ఈ లెక్కలన్నీ మొదటి పరీక్ష బాగా జరిగితేనే పనికొస్తాయి. అందరూ బయాప్సీ కాగితం పట్టుకుని కూర్చుంటారు, కొలనోస్కోపీ రిపోర్టును పక్కన పడేస్తారు. నన్నడిగితే ముందు చదవాల్సింది అదే. కెమెరా పెద్దపేగు మొదలైన సీకమ్ దాకా వెళ్లిందా? పేగు శుభ్రంగా ఉందా? దీనికి పెద్దపేగును మూడు భాగాలుగా చూసి బోస్టన్ స్కోర్ అని 9కి వేస్తారు. మొత్తం కనీసం 6, ఒక్కో భాగానికి కనీసం 2 ఉంటే పరీక్ష సరిగ్గా చూడగలిగినట్టు. పాలిప్‌ను ఒకే ముక్కగా తీశారా, ముక్కలు ముక్కలుగానా? 20 మి.మీ. లేదా అంతకన్నా పెద్దదాన్ని ముక్కలుగా తీస్తే 6 నెలలకే మళ్లీ ఆ చోటును చూస్తారు. ఇవి రిపోర్టులో లేకపోతే డాక్టర్‌ను అడగండి. అడిగితే కోపం చేసుకునే డాక్టర్ అయితే ఇంకొకరికి చూపించండి.

శుభ్రత మన చేతిలోనే ఉంది. పేగు ఖాళీ చేసే మందు పౌడర్ కలిపిన నీళ్లు సగం ముందురోజు సాయంత్రం, సగం పరీక్ష రోజు పొద్దున తాగిస్తే పేగు బాగా కడుక్కుంటుంది. ఆ రెండో సగం తాగి ఊరి నుంచి బస్సెక్కే సాహసం మాత్రం చేయకండి! మేం ముందురోజే ఎల్బీనగర్‌లో చుట్టాలింటికి చేరుకున్నాం. పరీక్షకు ముందు కొబ్బరినీళ్లు, పాలు లేని టీ పర్వాలేదు. ఎర్ర రంగు డ్రింకులు వద్దు, లోపల రక్తంలా కనబడతాయి. రక్తం పలచబడే మాత్రలు వేసుకుంటుంటే ముందే చెప్పాలి, సొంతంగా ఆపకూడదు.

పాలిప్ తీశాక రెండు వారాల దాకా రక్తస్రావం అయ్యే అవకాశం కొద్దిగా ఉంటుంది. మోషన్‌లో రక్తం బాగా పడినా, కడుపు తీవ్రంగా నొప్పి పెట్టినా, జ్వరం వచ్చినా వెంటనే ఆసుపత్రికి వెళ్లాలి.

ఫ్లోరైడ్ నీళ్ల వల్ల వచ్చిందా అని మా ఊళ్లో చాలామంది అడిగారు. నల్లగొండ వాళ్లం, ఏ రోగానికైనా ముందు నీళ్లనే అనుమానిస్తాం. ఫ్లోరైడ్ దెబ్బతీసేది పళ్లను, ఎముకలను. పాలిప్‌కు సంబంధించి డాక్టర్ అడిగినవి వయసు, కుటుంబ చరిత్ర, బీడీ సిగరెట్లు, మందు, బరువు, మాంసం ఎంత తింటామన్నది. మా ఇంట్లో జొన్నరొట్టె మళ్లీ మొదలైంది, దావత్‌లకు పోయినా మటన్ తగ్గించాను. ఇవన్నీ మంచివే, కానీ ఉన్న పాలిప్‌ను కరిగించే తిండీ లేదు, చూర్ణమూ లేదు. మళ్లీ పరీక్ష చేయించుకునే తేదీకి ఇవేవీ బదులు కావు.

ఇంకో పని ఉంది, దీన్నే మన ఇళ్లలో దాస్తారు. 10 మి.మీ., ఆపైన ఉన్న అడినోమా దొరికిందంటే ఆ మనిషి తోబుట్టువులకు, పిల్లలకు కూడా రిస్క్ కొంత ఎక్కువే. 60 ఏళ్లలోపు దొరికితే వాళ్లు 40 ఏళ్లకు, లేదా ఇంట్లో దొరికిన వయసుకు పదేళ్లు ముందు, ఏది ముందైతే అప్పుడు కొలనోస్కోపీ మొదలుపెట్టాలని అమెరికా సూచన. మన దగ్గర ప్రభుత్వ క్యాన్సర్ స్క్రీనింగ్ నోరు, రొమ్ము, గర్భాశయ ముఖద్వారం వరకే. పెద్దపేగు కోసం ఎవరూ ఇంటికి వచ్చి పిలవరు, మనమే చెప్పుకోవాలి. నేను చెప్తే నకిరేకల్‌లో ఉండే మా అక్క చేయించుకుంది, చిన్నవి రెండు తీశారు. దేవరకొండలో మా అన్న మాత్రం "నాకేమైందిరా, గుండులా ఉన్నా" అంటూ ఇంకా తప్పించుకుంటున్నాడు.

మీకిప్పుడు ఎన్నేళ్లో రాయలేదు. 40కి దగ్గర్లో ఉంటే, నాన్నగారి రెండు రిపోర్టులూ పట్టుకుని అదే డాక్టర్‌ను మీ గురించి కూడా అడగండి. బాబాయిలు, అత్తలు ఉంటే వాళ్లకు రిపోర్టు ఫొటో పంపండి.