‘మైండ్ యువర్ లాంగ్వేజ్’ చూసి నవ్వొద్దా?

ప్రశ్న: రాత్రి భోజనాలయ్యాక నేనూ మావారూ యూట్యూబ్‌లో ‘మైండ్ యువర్ లాంగ్వేజ్’ పెట్టుకుని నవ్వుకుంటాం. ఇంగ్లండులోని లెస్టర్‌లో చదువుతున్న మా అమ్మాయి సెలవులకు వచ్చి, ‘అది రేసిజం, ఆపండి’ అంటోంది. ఆ రోజుల్లో ఎవరికీ లేని అభ్యంతరం ఈ పిల్లలకెందుకండీ?
- ఒక పాఠకురాలు, హనుమకొండ

జవాబు: ఎవరికీ లేదనుకోకండమ్మా. విదేశీయులకు ఇంగ్లిష్ నేర్పే రాత్రి క్లాసు మీద తీసిన ఆ హాస్య సీరియల్ 1977 డిసెంబరు చివర్లో ఇంగ్లండులో మొదలైంది. జనం బాగానే చూస్తున్నా 1979లో ఆపేశారు. ఆపించింది దాన్ని తీసిన టీవీ సంస్థ అధికారి మైకేల్ గ్రేడ్. విదేశీయులను అలా మూసపోసి చూపించడం ఆయనకు నచ్చలేదు. మీ అమ్మాయి పుట్టకముందే ఆమె మాట ఒకాయన అనేశాడు! బీబీసీలో తెల్లవాళ్లు మొహాలకు నల్లరంగు పూసుకుని పాడే ‘బ్లాక్ అండ్ వైట్ మిన్‌స్ట్రెల్ షో’ వచ్చేది. దాన్ని ఆపమని 1967లోనే అర్జీ పెట్టారు. బీబీసీ వారు మాత్రం 1978 దాకా లాగించారు.

ఆ క్లాసును చూసి నేనూ పగలబడి నవ్వినవాడినే. బ్యారీ ఇవాన్స్ మాస్టారి అవస్థ ఇప్పటికీ నవ్విస్తుంది. కానీ ఆ క్లాసులో విద్యార్థులను చూడండి. జపాన్ ఆయన వంగి వంగి దండాలు పెడుతుంటాడు. చైనా అమ్మాయి చేతిలో మావో ఎర్ర పుస్తకం. మన దేశపు జమీలా ఊలు అల్లుకుంటూ కూర్చుంటుంది. సిక్కు రంజీత్ సింగ్, పాకిస్తానీ అలీ ఒకరికొకరు కనబడితే చాలు, కొట్లాటే. కొత్త భాషలో తడబడితే వచ్చే నవ్వు ఎవరి మీదైనా రావచ్చు. ‘ఆ దేశంవాళ్లంతా ఇంతే’ అని నవ్వించడం వేరు. అమ్మాయికి గుచ్చుకుంటున్నది అదే అయ్యుండాలి. అక్కడ తన ఇంగ్లిష్ విని ఎవరైనా నవ్వారేమో, మెల్లగా అడగండి.

అయినా హనుమకొండవారికి నేను చెప్పాలా? మన సినిమాల్లో ఏళ్ల తరబడి తెలంగాణ యాస రౌడీకో కమెడియన్‌కో తప్ప హీరో నోట వినబడిందా?

చూడటం మానేయమనను. ఒక ఎపిసోడ్ అమ్మాయిని పక్కన కూర్చోబెట్టుకుని చూడండి, ఎక్కడ ఇబ్బందో తనే ఆపి చూపిస్తుంది. తర్వాత ‘గుడ్‌నెస్ గ్రేషస్ మీ’ అనే హాస్య కార్యక్రమం పెట్టమనండి. 1998లో బీబీసీ టీవీలో మొదలైంది, అక్కడ పెరిగిన మనవాళ్లదే. అందులో ముంబైలో ఒక స్నేహితుల గుంపు ఇంగ్లిష్ తిండి తినడానికి హోటల్‌కు వెళ్తుంది. సర్వర్ పేరును వంకరగా పలుకుతూ, ఉన్నవాటిలో బాగా చప్పగా ఉండేది తెమ్మంటారు. ఇంగ్లండు కర్రీ హోటళ్లలో తాగొచ్చిన తెల్లవాళ్ల అల్లరికి అది బాకీ తీర్చడం. మీవారికి బాగా నచ్చుతుంది.