పాతాళభైరవిలో తోటరాముడి తల్లి: ఆవిడే మన తొలి కథానాయికా?

పాతాళభైరవిలో తోటరాముడి తల్లిగా వేసినావిడే తెలుగు సినిమా తొలి కథానాయిక అని మీ అమ్మమ్మగారు అన్నారని, మీ వ్యాసం కోసం అది నిజమేనా అని అడిగారు. అవునండీ, ఆవిడ చెప్పింది నిజమే. 1951 నాటి పాతాళభైరవిలో కొడుకు కోసం తల్లడిల్లే ఆ తల్లి సురభి కమలాబాయి. తొలి తెలుగు టాకీ (మాటల సినిమా) భక్త ప్రహ్లాదలో ప్రహ్లాదుడి తల్లి లీలావతిగా వేసింది కమలాబాయే. ఈసారి ఆ ముసలితల్లి మాట తీరు గమనించండి, నాటకాల్లో పండిన గొంతు అది!

మీరు సురభిని ఇంటిపేరు అనుకుని వెతకడం వల్లే ఆవిడ వివరాలు దొరకలేదు. సురభి అనేది నాటక సమాజం పేరు. కడప జిల్లాలోని సురభి గ్రామంలో 1885లో కీచకవధ ప్రదర్శనతో మొదలైంది. ఇక భక్త ప్రహ్లాద విడుదలకు మీకు రెండు తేదీలు కనిపించడానికి కారణం ఉంది: అది 1931లో వచ్చిందని చాలాకాలం రాశారు, తర్వాతి పరిశోధనలో విడుదల 1932 ఫిబ్రవరి 6 అని తేలింది. మీ వ్యాసంలో 1932 అనే వేయండి.